టెండర్ అన్యాయంగా పోయిందని హైకోర్టుకు వెళ్తున్నారా? సంతకాలు పడేలోగా చేయాల్సిన పనులు

పోర్టల్‌లో మీ పేరు పక్కన ‘డిస్‌క్వాలిఫైడ్’ అని పడొచ్చు. లేదా ప్రైస్ బిడ్లు తెరిచాక అర్హతే లేదని మీకు తెలిసిన సంస్థ ఎల్1గా (అందరికన్నా తక్కువ ధర కోట్ చేసిన బిడ్డర్‌గా) తేలొచ్చు. రెండింట్లో ఏది జరిగినా, ఆ రోజు నుంచి అగ్రిమెంట్ మీద సంతకాలు పడేదాకా ఉన్న వ్యవధే మీకు మిగిలింది. అది మూడు వారాలు ఉండొచ్చు, మూడు రోజులే ఉండొచ్చు. రిట్ పిటిషన్‌కు, అంటే అధికారుల నిర్ణయాన్ని సవాలు చేస్తూ నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్‌కు, చట్టంలో ఇన్ని రోజులని గడువు లేదు. అయినా టెండర్ కేసులు ఎక్కువగా ఆలస్యం వల్లే పోతాయి. అగ్రిమెంట్ అయ్యి, మెషినరీ సైటుకు చేరి, మొదటి బిల్లు కూడా పడ్డాక వెళితే ‘ఇప్పుడు ఆపితే జనం పని ఆగిపోతుంది’ అన్న ఒక్క మాటతో కథ ముగుస్తుంది.

ముందు ఎక్కడికి వెళ్లాలో తేల్చుకోండి. కర్ణాటకలో 1999 నాటి పారదర్శకత చట్టం కింద సెక్షన్ 16 అప్పీలు ఉంది, గడువు 30 రోజులు. తమిళనాడులో 1998 చట్టం సెక్షన్ 11 కింద ప్రభుత్వానికి అప్పీలు, గడువు 10 రోజులే. బళ్లారిలోనో హోసూరులోనో పని వేసిన మనవాళ్లు ఈ మెట్టు దాటేసి నేరుగా హైకోర్టుకు వెళితే ‘అప్పీలు వేసుకుని రండి’ అని పంపించేస్తారు. ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లో అలాంటి అప్పీలు చట్టం లేదు. జీవోలు, టెండర్ డాక్యుమెంట్, రాజ్యాంగంలోని 14వ అధికరణం (సమానత్వ హక్కు), వీటి మీదే నడవాలి. అందుకే దారి 226వ అధికరణం కింద రిట్. ఆంధ్రప్రదేశ్ పనికైతే అమరావతిలో, తెలంగాణ పనికైతే హైదరాబాద్‌లో. టెండర్ పిలిచిన ఆఫీసు ఢిల్లీలో ఉన్నా, పని మన జిల్లాలో అయితే ఇక్కడి హైకోర్టుకు పరిధి ఉందని వాదించవచ్చు. పని ఎక్కడ, బిడ్ ఎక్కడి నుంచి వేశారు, తిరస్కరణ ఎక్కడ అందింది అన్నవి అఫిడవిట్‌లో రాయాలి.

ఆర్బిట్రేషన్ క్లాజ్ ఉంది కదా అని కొందరు అడుగుతారు. అది అగ్రిమెంట్ అయ్యాక వచ్చే తగాదాలకు. పని దక్కనివాడికి అగ్రిమెంటే లేదు కాబట్టి అది పనికిరాదు.

కోర్టు దేన్ని చూస్తుంది, దేన్ని చూడదు

1994లో టాటా సెల్యులార్ కేసులో సుప్రీంకోర్టు గీసిన గీత ఇప్పటికీ అలాగే ఉంది: కోర్టు నిర్ణయం తీసుకున్న పద్ధతిని చూస్తుంది, నిర్ణయం మీద అప్పీలు వినదు. 2006 డిసెంబరులో జగదీశ్ మండల్ కేసులో దాన్ని రెండు ప్రశ్నలుగా కుదించారు. ఎవరికో మేలు చేయడానికి దురుద్దేశంతో చేశారా, లేక బాధ్యత గల అధికారి ఎవరూ తీసుకోనంత అడ్డగోలు నిర్ణయమా అన్నది మొదటిది. దానివల్ల ప్రజాప్రయోజనం దెబ్బతింటుందా అన్నది రెండోది. రెండింటికీ ‘కాదు’ అని జవాబొస్తే పిటిషన్ డిస్మిస్. 2016 ఆఫ్కాన్స్ కేసు ఇంకో గోడ కట్టింది: టెండర్ డాక్యుమెంట్ రాసిన శాఖకే దాని అర్థం బాగా తెలుసు, దురుద్దేశమో మరీ అసంబద్ధమో అయితే తప్ప శాఖ చెప్పిన అర్థాన్ని కోర్టు మార్చదు.

కాబట్టి ‘మేమే తక్కువ కోట్ చేశాం’, ‘మాకు ఇరవై ఏళ్ల అనుభవం’, ‘వాళ్ల లెస్ చూస్తే పని చేయలేరు’ అన్న వాదనలకు అక్కడ విలువ లేదు. లెస్ అంటే అంచనా విలువ కన్నా తగ్గించి కోట్ చేసిన శాతం. ఎల్1 ముప్పై శాతం లెస్‌కు వేసినా అదే కారణం కాదు. లెస్ 25 శాతం దాటితే, ఆ దాటిన మేరకు తేడాను అదనపు సెక్యూరిటీగా కట్టాలని 2003 నాటి జీవో 94 నుంచి వస్తున్న పద్ధతి ఉంది. మీ టెండర్‌లో ఆ క్లాజ్ ఉండి, అది కట్టించుకోకుండా అగ్రిమెంట్ చేస్తే, అప్పుడది కారణం.

పనిచేసే వాదన ఎలా ఉంటుందో ఒక లెక్కతో చూద్దాం. టెండర్ విలువ 7.20 కోట్లు, గడువు 18 నెలలు అనుకోండి. చాలా డాక్యుమెంట్లలో బిడ్ కెపాసిటీ ఫార్ములా 2ఏఎన్-బి. ఏ అంటే డాక్యుమెంట్ చెప్పిన ఏళ్లలో ఒక్క ఏడాదిలో చేసిన గరిష్ఠ పని విలువ, ఎన్ అంటే గడువు ఏళ్లలో, బి అంటే ఆ గడువులో పూర్తి చేయాల్సిన చేతిలోని పనుల విలువ. ఎల్1 సంస్థ ఏ 6 కోట్లు, బి 9.50 కోట్లు చూపింది. రెండు ఆర్ల పన్నెండు, దాన్ని ఒకటిన్నరతో గుణిస్తే 18, అందులో 9.50 తీసేస్తే 8.50 కోట్లు. 7.20 దాటింది కాబట్టి అర్హత ఉన్నట్టే. అయితే అదే సంస్థ పక్క డివిజన్‌లో రెండు నెలల కిందట 3.10 కోట్ల పనికి అగ్రిమెంట్ చేసుకుని, అది ఈ జాబితాలో చూపలేదు. బి 12.60 అవుతుంది, కెపాసిటీ 5.40కి పడిపోతుంది. ఇప్పుడు మీ చేతిలో క్లాజ్ నంబర్ ఉంది, రెండు కాగితాలు ఉన్నాయి, ఒక తీసివేత ఉంది. జడ్జి దాన్ని రెండు నిమిషాల్లో చూడగలరు. ఇరవై అభియోగాలున్న పిటిషన్ కన్నా ఈ ఒక్క తీసివేత బరువెక్కువ.

రెండో గట్టి వాదన: మిమ్మల్ని తప్పించిన కారణం డాక్యుమెంట్‌లో లేదు, లేదా ఉత్తర్వులో కారణమే లేదు. ఉత్తర్వులో రాయని కారణాన్ని తర్వాత కౌంటర్ అఫిడవిట్‌లో (శాఖ కోర్టుకు ఇచ్చే జవాబులో) అతికించకూడదని 1977 నాటి మొహిందర్ సింగ్ గిల్ కేసు చెబుతుంది. అందుకే తిరస్కరణ కాగితాన్ని ఉన్నదున్నట్టు భద్రపరచండి. పోర్టల్‌లో ఒక్క ముక్కలో ‘నాట్ ఎలిజిబుల్’ అని ఉంటే అదే మీకు ఆయుధం.

మూడోది, ఒకరికో కొలత, ఇంకొకరికో కొలత. మీ బిడ్‌ను చిన్న లోపానికి పక్కన పెట్టి, ఎల్1కి పెద్ద లోపాన్ని క్షమించడం. 2024లో బన్సీధర్ కన్‌స్ట్రక్షన్ కేసులో ఇలాంటి వివక్షకే కోల్ ఇండియా అనుబంధ సంస్థ ఇచ్చిన కాంట్రాక్టును సుప్రీంకోర్టు కొట్టేసింది.

ఇక్కడ జాగ్రత్త కూడా అవసరం. ఎల్1 బిడ్‌లో దొరికిన ప్రతి లోపమూ లోపం కాదు. 1991 పొద్దార్ స్టీల్ కేసులో ఈఎండీ (బిడ్‌తో పాటు కట్టే ధరావత్తు) నగదుగా గానీ, స్టేట్ బ్యాంకు డీడీగా గానీ ఇవ్వాలని టెండర్ నిబంధన. ఒక సంస్థ యూనియన్ బ్యాంకు చెక్కు ఇచ్చింది, శాఖ తీసుకుంది. డబ్బు భద్రంగా ఉందా లేదా అన్నదే అసలు షరతు, ఏ బ్యాంకు కాగితమన్నది అనుబంధ షరతు, దాన్ని శాఖ సడలించవచ్చని కోర్టు చెప్పింది. మరి ఏది అసలు, ఏది అనుబంధం? ‘ఇది లేకపోతే బిడ్ తిరస్కరిస్తాం’ అని డాక్యుమెంటే రాసిన షరతు అయితే మీకు పట్టు ఉన్నట్టు. అలా రాయనిదైతే ఆలోచించుకోండి.

టెండర్ షరతులే ఒకరి కోసం కుట్టినట్టు ఉంటే, ఆ సవాలు బిడ్ గడువు ముగియకముందే వేయాలి. ప్రీబిడ్ సమావేశంలో రాతపూర్వకంగా అడగండి, జవాబు రాకపోతే రిట్ వేయండి. షరతులన్నీ ఒప్పుకుని డిజిటల్ సంతకం పెట్టి బిడ్ వేసి, ఓడిపోయాక ‘షరతే తప్పు’ అంటే ఎవరూ వినరు.

ముందు మీ బిడ్‌ను మీరే కోయండి

ఈ పని ఎవరికీ నచ్చదు, కానీ చాలా రిట్లు ఇక్కడే పోతాయి. మీరు ఎల్1 మీద ఎత్తిన అదే క్లాజ్‌కు మీ బిడ్ నిలుస్తుందా? మీ బి జాబితాలో అన్ని పనులూ ఉన్నాయా? సాల్వెన్సీ (ఆర్థిక స్తోమత) సర్టిఫికెట్ తేదీ సరిగ్గా ఉందా? అనుభవ సర్టిఫికెట్ మీద ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజనీర్) సంతకం, ఎస్ఈ (సూపరింటెండింగ్ ఇంజనీర్) కౌంటర్ సంతకం డాక్యుమెంట్ అడిగినట్టే ఉన్నాయా? జాయింట్ వెంచర్ అయితే వాటాలు సరిపోయాయా? అవతలివాళ్ల లాయర్ మొదట తెరిచేది మీ ఫైలే. బిడ్‌లో అంకె తప్పు పడిందని, సరిదిద్దుకోనివ్వాలని అడిగే పిటిషన్లకూ పెద్దగా ఆశ లేదు. 2001లో పశ్చిమ బెంగాల్ విద్యుత్ బోర్డు కేసులో కంప్యూటర్ పొరపాటు అని చెప్పుకున్న బిడ్డర్‌కు సుప్రీంకోర్టు దిద్దుకునే అవకాశం ఇవ్వలేదు.

మీరే అనర్హులైతే ముందు ఆ అనర్హతను కొట్టేయించుకోవాలి. అది నిలిచి ఉండగా ఎల్1 మీద వేసే పిటిషన్‌కు ‘నీకేం సంబంధం’ అన్న ప్రశ్న ఎదురవుతుంది.

మొదటి రోజు నుంచి

మొదటి రోజు పోర్టల్‌లో కనిపించేవన్నీ దించుకోండి: టెండర్ నోటీసు, సవరణలు, ప్రీబిడ్ జవాబులు, టెక్నికల్ మూల్యాంకన పట్టిక, ఎల్1 అప్‌లోడ్ చేసినవాటిలో బిడ్డర్లకు కనిపించేవి, ప్రైస్ బిడ్ తులనాత్మక పట్టిక. స్క్రీన్‌షాట్‌లో తేదీ, టెండర్ ఐడీ, లాగిన్ పేరు కనపడాలి. తర్వాత పేజీ మారిపోతే ఇవే మీ ఆధారం. 2024 జులై 1 నుంచి భారతీయ సాక్ష్య అధినియమం అమల్లో ఉంది. ఎలక్ట్రానిక్ రికార్డులకు దాని సెక్షన్ 63 కింద సర్టిఫికెట్ జతచేస్తే అభ్యంతరానికి చోటుండదు.

రెండో రోజు దాటకుండా టెండర్ అధికారికి అభ్యంతర పత్రం ఇవ్వండి. ఇది లేకుండా కోర్టుకు వెళితే మొదట వినిపించే ప్రశ్న ‘శాఖను అడిగారా?’ అనే. చాలామంది నాలుగు పేజీల ఆవేదన రాస్తారు. అరపేజీ చాలు. ఇలా:

‘ఫలానా పని టెండర్‌లో ఫలానా క్లాజ్ ప్రకారం బిడ్డర్ చేతిలో ఉన్న పనులన్నీ చూపాలి. ఎల్1గా ప్రకటించిన సంస్థ ఫలానా డివిజన్‌లో ఫలానా తేదీన చేసుకున్న 3.10 కోట్ల అగ్రిమెంట్ చూపలేదు. దాన్ని కలిపితే బిడ్ కెపాసిటీ 5.40 కోట్లు, టెండర్ విలువ 7.20 కోట్లు. ఫలానా క్లాజ్ ప్రకారం ఆ బిడ్ తిరస్కరించాలి. పోర్టల్ కాపీలు జతచేశాం. దీనిపై నిర్ణయం తీసుకునేదాకా అంగీకార పత్రం ఇవ్వవద్దు. మా బిడ్ చెల్లుబాటును పొడిగిస్తున్నాం.’

దీన్ని ఎస్ఈకి, పైన సీఈకి (చీఫ్ ఇంజనీర్‌కు) ఇచ్చి, ఇన్‌వార్డ్ ముద్ర వేయించుకోండి. ఈమెయిల్, రిజిస్టర్డ్ పోస్టు కూడా పంపండి. ముద్ర వేయడానికి గుమాస్తా వెనకాడితే ఈమెయిలే సాక్ష్యం. ఆర్టీఐ దరఖాస్తు వేయండి గానీ దాని మీద ఆధారపడకండి. జవాబుకు 30 రోజులు పడుతుంది, పైగా వాణిజ్య రహస్యమని సెక్షన్ 8(1)(డి) కింద తిరస్కరించే వీలుంది.

చివరి వాక్యంలోని బిడ్ చెల్లుబాటు సంగతి చిన్నదిగా కనిపిస్తుంది, పెద్ద కేసుల్నే ముంచుతుంది. బిడ్ చెల్లుబాటు 90 రోజులు అనుకుందాం. కేసు నడుస్తుండగా అది ముగిసి, మీరు పొడిగించకపోతే, గెలిచినా మీకు ఇవ్వడానికి బిడ్ మిగలదు. ఈఎండీ కూడా అంతే. ఎల్1 తేలాక మిగతావాళ్ల ఈఎండీ చాలాసార్లు పోర్టల్ నుంచే ఖాతాలో పడుతుంది. పడిన రోజే ‘మా అభ్యంతరానికి, హక్కులకు భంగం లేకుండా తీసుకుంటున్నాం, అడిగితే మళ్లీ కడతాం’ అని ఉత్తరం ఇవ్వండి. లేకపోతే ‘డబ్బు తీసుకుని వెళ్లిపోయారు’ అని అవతలివారు వాదిస్తారు.

పిటిషన్ కట్ట

జవాబు కోసం వారం ఆగాల్సిన పని లేదు. అభ్యంతరం ఇచ్చి రెండు మూడు రోజులైనా కదలిక లేకపోతే, లేదా అంగీకార పత్రం తయారవుతోందని తెలిస్తే, వెంటనే కదలండి.

ప్రతివాదుల్లో శాఖ ప్రిన్సిపల్ సెక్రటరీ, సీఈ, ఎస్ఈ, మూల్యాంకన కమిటీ ఉంటారు. ఎల్1 సంస్థ తప్పకుండా ఉండాలి. ఎల్1ని చేర్చకుండా వాళ్ల కాంట్రాక్టును కొట్టేయమని అడిగితే ఆ ఒక్క లోపానికే పిటిషన్ పోతుంది. మున్సిపల్ కార్పొరేషన్, డిస్కమ్ లాంటివాటికి విడిగా స్టాండింగ్ కౌన్సిల్ (ఆ సంస్థ తరఫు లాయర్) ఉంటారు, వారికీ కాపీ ఇవ్వాలి. ప్రభుత్వ శాఖ అయితే గవర్నమెంట్ ప్లీడర్ (జీపీ) ఆఫీసులో ముందే కాపీలు అందించాలి.

దురుద్దేశం ఆరోపించేటప్పుడు ఆగి ఆలోచించండి. ఫలానా అధికారి కుమ్మక్కయ్యాడని రాస్తే, ఆ అధికారిని పేరుతో ప్రతివాదిగా చేర్చి, వివరాలు, ఆధారాలు చూపాలి. అవి లేకపోతే ఆ మాటే తీసేయండి. క్లాజ్ ఉల్లంఘన ఒక్కటే చాలినప్పుడు కుమ్మక్కు ఆరోపణ తెస్తే బలమైన వాదన కూడా పలచబడుతుంది.

ప్రార్థన, అంటే పిటిషన్‌లో కోర్టును ఏం కోరుతున్నామో చెప్పే భాగం, రాయడంలో ఒక పొరపాటు పదేపదే కనిపిస్తుంది: ‘పనిని మాకే ఇప్పించండి’ అని మాత్రమే అడగడం. కోర్టు అధికారి కుర్చీలో కూర్చోదు. అడగాల్సింది: ఎల్1 బిడ్‌ను అంగీకరించడం, లేదా మమ్మల్ని అనర్హులుగా ప్రకటించడం, ఫలానా క్లాజ్‌కూ 14వ అధికరణానికీ విరుద్ధమని ప్రకటించి రద్దు చేయండి, క్లాజుల ప్రకారం బిడ్లను మళ్లీ మూల్యాంకనం చేయమనండి. దానికి తోడు ఐఏ (మధ్యంతర దరఖాస్తు) వేసి మధ్యంతర ఉత్తర్వు కోరండి: రిట్ తేలేదాకా అంగీకార పత్రం, అగ్రిమెంట్, పని ప్రారంభం ఏవీ జరగకుండా. ఇవి ఇప్పటికే జరిగి ఉంటే ఏది ఎంతవరకు వచ్చిందో దాచకుండా రాయాలి. నిజం దాచినట్టు తేలితే స్టే ఊడుతుంది, ఖర్చులు కూడా పడొచ్చు.

హైకోర్టు భాష ఇంగ్లిష్. తెలుగులో ఉన్న ప్రతి కాగితానికీ అనువాదం జతచేయాలి. అభ్యంతర పత్రం తెలుగులో ఇచ్చి ఉంటే దానికీ అంతే. అనువాదం లేకపోయినా, కాపీలు చదవలేనట్టున్నా, పేజీ నంబర్లు తప్పినా రిజిస్ట్రీ ఆబ్జెక్షన్ పెట్టి వెనక్కిస్తుంది. మీకున్న నాలుగు రోజుల్లో రెండు అక్కడే పోతాయి. మెటీరియల్ పేపర్లలో (పిటిషన్‌కు జతచేసే కాగితాల్లో) 300 పేజీల టెండర్ డాక్యుమెంట్ మొత్తం కుక్కకండి. నోటీసు, వివాదంలో ఉన్న క్లాజులు, మూల్యాంకన పట్టిక, తిరస్కరణ, అభ్యంతర పత్రం, ఆధారాలు ఆ వరుసలో పెట్టి, ముందు ఒక పేజీ తేదీల జాబితా ఇవ్వండి.

విచారణ రోజు

అగ్రిమెంట్ రేపో మాపో అన్నప్పుడు లంచ్ మోషన్. ఉదయం బెంచ్ ముందు లాయర్ అత్యవసరం వివరించి అనుమతి తీసుకుంటే ఆ మధ్యాహ్నమే వింటారు. సెలవు రోజైతే హౌస్ మోషన్, అంటే జడ్జి ఇంటి దగ్గరే అత్యవసరంగా వినడం. అయితే మీరు పది రోజులు ఊరికే కూర్చుని పదకొండో రోజు లంచ్ మోషన్ అడిగితే అత్యవసరం మీరు తెచ్చుకున్నదే అవుతుంది.

మొదటి వాయిదాలో ఎక్కువగా జరిగేది ఇది: జీపీ శాఖ నుంచి వివరాలు తెప్పించుకుంటానని రెండు రోజులు అడుగుతారు. సరిగ్గా ఆ రెండు రోజుల్లోనే అగ్రిమెంట్ పూర్తయ్యే ప్రమాదం ఉంది. స్టే రాకపోయినా, ‘అప్పటిదాకా అగ్రిమెంట్ చేయబోమని జీపీ చెప్పారు’ అన్న మాటను ఆ రోజు ఉత్తర్వులో నమోదు చేయించమని మీ లాయర్‌కు ముందే చెప్పి ఉంచండి.

స్టే దొరకడం కష్టమైన రోజులివి. 2018 సవరణతో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టంలో సెక్షన్ 20ఏ వచ్చింది. రోడ్లు, విద్యుత్, నీరు వంటి మౌలిక వసతుల ప్రాజెక్టులకు జాప్యం కలిగించే ఇంజంక్షన్లు ఇవ్వవద్దంటుంది. అది సివిల్ దావాలకు సంబంధించినదే అయినా రిట్లలోనూ దాన్ని గుర్తుంచుకోవాలని 2022లో ఝార్ఖండ్ రోడ్డు పని కేసు, ఎన్‌జీ ప్రాజెక్ట్స్‌లో సుప్రీంకోర్టు చెప్పింది. పని ఆపే బదులు నష్టపరిహారం వైపు పంపమంది. అందుకే స్టే అడిగేటప్పుడు ప్రజాప్రయోజనం మీ వైపు ఎలా ఉందో అంకెల్లో చెప్పాలి. ఎల్1కీ మీకూ ధరలో తేడా ఎంత, పని అత్యవసరమా, కొద్దివారాలు ఆగితే ఏమవుతుంది. వరద గట్టు పనికి జూన్‌లో స్టే అడగడం కన్నా ఆఫీసు భవనం పనికి అడగడం తేలిక.

స్టేకు బదులు ‘ఇకపై చేసేదంతా ఈ రిట్ ఫలితానికి లోబడి’ అన్న ఉత్తర్వు వస్తే ఊరట అనుకోకండి. పని సాగుతూనే ఉంటుంది, నెలలు గడిచేకొద్దీ మీ కేసు కరిగిపోతుంది. కౌంటర్‌కు గడువు పెట్టించి, తుది విచారణ తేదీ అడగాలి. స్టే వచ్చినా అది శాశ్వతం కాదు. అవతలి పక్షాన్ని వినకుండా ఇచ్చిన స్టే మీద వెకేట్ పిటిషన్ (దాన్ని తొలగించమని కోరే పిటిషన్) వేస్తే, 226(3) కింద రెండు వారాల్లో తేల్చాలి. పోలవరం జలవిద్యుత్ కేంద్రం కాంట్రాక్టు రద్దుపై 2019 ఆగస్టులో హైకోర్టు ఇచ్చిన మధ్యంతర ఉత్తర్వు అదే ఏడాది అక్టోబరు నెలాఖరుకు తొలగిపోయింది.

శాఖ కౌంటర్ వచ్చాక దాన్ని తిరస్కరణ ఉత్తర్వు పక్కన పెట్టుకుని చదవండి. ఉత్తర్వులో లేని కొత్త కారణం ఎక్కడ ఉందో పేరా నంబర్‌తో సహా రిప్లై అఫిడవిట్‌లో చూపండి. మూల్యాంకన కమిటీ మినిట్స్ సహా ఒరిజినల్ ఫైలు తెప్పించమని కోరండి. అసలు సంగతులు బయటపడేది ఆ నోట్‌ఫైలులోనే.

మధ్యలో శాఖ టెండరే రద్దు చేసి మళ్లీ పిలవొచ్చు. అప్పుడు మీ రిట్‌కు పని లేకుండా పోతుంది, రద్దును విడిగా సవాలు చేయాలి. రద్దు చేసే అధికారం శాఖకు విశాలంగానే ఉంది, కానీ హద్దులేనిది కాదు. 2024లో సుబోధ్ కుమార్ సింగ్ రాథౌర్ కేసులో కోల్‌కతా అండర్‌పాస్‌ల నిర్వహణ టెండర్ రద్దును సుప్రీంకోర్టు కొట్టేసింది.

ఓడితే సింగిల్ జడ్జి తీర్పు మీద 30 రోజుల్లో డివిజన్ బెంచ్ ముందు రిట్ అప్పీలు, ఆపై సుప్రీంకోర్టు. గెలిస్తే ఎల్1 కూడా అదే దారి పడతారు కాబట్టి వాళ్లు వెళ్లబోయే పై మెట్టులో కేవియట్ (మమ్మల్ని వినకుండా ఉత్తర్వు ఇవ్వవద్దని ముందే వేసే కాగితం) వేసి ఉంచండి, దాని ఆయుష్షు 90 రోజులు. బలం లేని కేసును పై కోర్టుకు లాగితే ఖర్చులు భరించాలి. 2021 యూఫ్లెక్స్ కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి గట్టిగానే చెప్పి, ఓడినవారి మీద ఖర్చులు వేసింది.

రిట్ వేశారన్న కోపంతో శాఖ బ్లాక్‌లిస్ట్ నోటీసు ఇస్తే దాన్ని తేలిగ్గా తీసుకోవద్దు. బ్లాక్‌లిస్ట్ చేయాలనుకుంటున్నామని షోకాజ్ నోటీసులో స్పష్టంగా రాయాలని 2014 గోర్ఖా సెక్యూరిటీ కేసు నుంచి ఉన్న నియమం. నోటీసుకు గడువులోగా జవాబివ్వండి, జవాబు లేకపోతే ఒప్పుకున్నట్టే చదువుతారు.

పునర్మూల్యాంకనానికి ఉత్తర్వు వచ్చిన రోజే సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు పెట్టి, ఆన్‌లైన్ కాపీని ఉత్తరంతో ఎస్ఈకి, సీఈకి అందజేసి ముద్ర వేయించుకోండి. కోర్టు చెప్పిన గడువు దాటినా కదలకపోతే కోర్టు ధిక్కారం పిటిషన్, అదీ ధిక్కారం జరిగిన తేదీ నుంచి ఏడాదిలోపే.